‘వెట్’ అని రాసి ఉంది, నేను ‘తడి’ అని చదివాను: పీసీపీలో ముంచిన సిగరెట్, ఒక కేసు

నేను ఫిలడెల్ఫియా ప్రాంతంలోని ఒక ఆసుపత్రిలో అత్యవసర విభాగం వైద్యుణ్ణి. ఈ కేసు రాయడానికి రోగి అంగీకరించాడు. అతణ్ణి ఎవరూ గుర్తుపట్టకుండా కొన్ని వివరాలు మార్చాను. వైద్యానికి సంబంధించిన అంకెలూ, జరిగిన క్రమమూ మాత్రం మార్చలేదు. నా పొరపాటును కూడా జరిగింది జరిగినట్టే రాస్తున్నాను, ఎందుకంటే ఈ కేసులో నేర్చుకోవలసింది ఎక్కువగా అక్కడే ఉంది.

జులై నెలలో ఒక శుక్రవారం రాత్రి 7 గంటల 40 నిమిషాలకు అంబులెన్స్ సిబ్బంది 24 ఏళ్ల యువకుణ్ణి తీసుకొచ్చారు. మాస్టర్స్ చదువుతున్న తెలుగు విద్యార్థి. వెంట ఒక రూమ్‌మేట్ వచ్చాడు. అపార్ట్‌మెంట్ బయట చెప్పులు లేకుండా, రోడ్డు మధ్యలో, ఎదురుగా వస్తున్న కార్ల వైపు గుడ్లప్పగించి చూస్తూ నిలబడి ఉండగా పట్టుకున్నారట. పిలిస్తే పలకడం లేదు, ఉన్నట్టుండి పెద్దగా అరుస్తున్నాడు, మళ్లీ కొయ్యలా బిగుసుకుపోతున్నాడు. శరీర ఉష్ణోగ్రత 103 డిగ్రీల ఫారన్‌హీట్, నాడి నిమిషానికి 138, రక్తపోటు 178/104, శ్వాస నిమిషానికి 24, ఆక్సిజన్ 97 శాతం, రక్తంలో చక్కెర 112. కుడికాలి బొటనవేలి గోరు సగం ఊడి వేలాడుతోంది. అదే కాలి పాదంలో గాజుపెంకు దిగి ఉంది. నర్సు దాన్ని పట్టకారుతో లాగుతున్నప్పుడు అతను కాలు వెనక్కి తీసుకోలేదు, కనీసం కిందికి చూడనైనా లేదు.

ట్రయాజ్ కాగితంలో, అంటే రోగి రాగానే వివరాలు నమోదు చేసే కాగితంలో, అంబులెన్స్ సిబ్బంది రాసిన వాక్యం చిన్నది: రూమ్‌మేట్ చెప్పిన ప్రకారం ‘వెట్’. నేను దాన్ని ‘తడి’ అని చదివాను. అలా చదవడానికి కారణం కళ్ల ముందే ఉంది. అతని చొక్కా నిజంగానే తడిసి ఒంటికి అతుక్కుపోయి ఉంది. ఒళ్లు కాలిపోతోందని రూమ్‌మేట్లు బకెట్‌తో నీళ్లు పోశారు. బయట ఆ రోజు ఎండ మండిపోయింది. ఎండదెబ్బ అనుకోవడానికి కావలసిన సరంజామా అంతా సిద్ధంగా ఉంది, నేను అనుకున్నాను. మెదడుపొరల వాపు, రక్తంలో సోడియం పడిపోవడం, మూర్ఛ తర్వాతి అయోమయం, థైరాయిడ్ ఉప్పెన వంటివి కూడా మనసులో వరుసగా పెట్టుకున్నాను.

రూమ్‌మేట్‌ను పక్కకు పిలిచి తెలుగులోనే అడిగాను. “బాబూ, ఏమైనా తీసుకున్నాడా? మందు, డ్రగ్స్, మాత్రలు?” “అయ్యో, అలాంటివేం లేవు సార్. మందు కూడా ముట్టడు. ఒక్క సిగరెట్ తాగాడంతే,” అన్నాడు. నేను చార్టులో పొగాకు అప్పుడప్పుడు, మాదకద్రవ్యాలు లేవు అని నమోదు చేసి ముందుకు వెళ్లిపోయాను.

ఇక్కడ ఒక మాట ఒప్పుకోవాలి. ‘వెట్’ అన్న మాట నాకు తెలియనిది కాదు. ఈ ఊళ్లో అత్యవసర విభాగంలో పనిచేసే ఎవరికైనా అది రోజువారీ మాటే. ఫెన్‌సైక్లిడిన్ అనే మత్తుపదార్థం, అంటే పీసీపీ, ఉన్న ద్రవంలో ముంచిన సిగరెట్‌ను వీధిలో అలా అంటారు. వేరే రోగి విషయంలో ఆ మాట కనబడితే నా కన్ను అక్కడే ఆగేది. ఈ అబ్బాయి నా భాష మాట్లాడేవాడు, నేను చదువుకున్నట్టే చదువుకుంటున్నవాడు, మందు ముట్టనివాడు. అలాంటివాడి కాగితం మీద ఆ మాట వీధి అర్థంలో ఉండగలదని నాకు తట్టలేదు. దీన్ని అజ్ఞానం అంటే తేలిగ్గా పోతుంది, ఇది పక్షపాతం.

ఆ పక్షపాతం వల్ల పోయింది యాభై నిమిషాలు. ఎండదెబ్బకు చేసే చల్లబరిచే పనులు ఎలాగూ అవసరమైనవే కాబట్టి ఆ మేరకు నష్టం లేదు. కానీ తలకు సీటీ స్కాన్ తీయించడానికి నలుగురు భద్రతా సిబ్బందితో అతణ్ణి అదిమి పట్టించి, కాళ్లూ చేతులూ పట్టీలతో మంచానికి కట్టించాను. కండరాలు ఇనుపకడ్డీల్లా బిగిసి, నొప్పి తెలియని స్థితిలో ఉన్న మనిషిని కట్టేస్తే అతను అలసిపోడు, పట్టీలతో పోరాడుతూనే ఉంటాడు. ఆ పెనుగులాట ఫలితం తర్వాత రక్తపరీక్షలో కనిపించింది. స్కాన్‌లో ఏమీ లేదు.

సుమారు 8 గంటల 25 నిమిషాలకు వెన్నునుంచి ద్రవం తీసి పరీక్షించాలా అని ఆలోచిస్తూ, మెడ బిగుతు మరోసారి చూడబోయి రెప్పలు ఎత్తాను. కనుగుడ్లు పైకీ కిందికీ అదురుతున్నాయి. మధ్యమధ్యలో గడియారపు ముల్లులా గుండ్రంగా తిరుగుతున్నట్టు కదులుతున్నాయి. పక్కలకు అదిరే కళ్లు చాలా సందర్భాల్లో కనిపిస్తాయి. మద్యం ఎక్కువైనా, కొన్ని మూర్ఛ మందులు ఎక్కువైనా అలా అదురుతాయి. నిలువుగా అదిరే కళ్లు అరుదు. మెదడు కాండంలో జబ్బు ఉంటే వస్తుంది. నాడి పరుగెడుతూ, రక్తపోటు పెరిగి, ఒళ్లు బిగిసి, నొప్పి తెలియకుండా, అయోమయంలో ఉన్న యువకుడిలో అది కనిపిస్తే మొదట తలచుకోవలసింది పీసీపీని. పైగా కంటిపాపలు పెద్దవి కాలేదు. కొకైన్, మెథాంఫెటమిన్ అయితే పాపలు విప్పారి ఉండేవి.

అప్పుడు ట్రయాజ్ కాగితం మళ్లీ తెరిచి ఆ మాట రెండోసారి చదివాను.

రూమ్‌మేట్ బయట వరండాలో తేలు కుట్టిన దొంగలా కూర్చుని ఉన్నాడు. ఈసారి డ్రగ్స్ అన్న మాట ఎత్తలేదు. “ఆ సిగరెట్ ఎలా ఉంది?” అని మాత్రం అడిగాను. కాసేపు ఆగి చెప్పడం మొదలుపెట్టాడు. పార్ట్‌టైమ్ పని దగ్గర తోటి ఉద్యోగి ఇచ్చాడట. మామూలు ఫిల్టర్ సిగరెట్టే, కానీ కాగితం అంతా టీ మరకలా గోధుమరంగుకు తిరిగి, కొద్దిగా మెత్తగా ఉందట. వెండిరంగు రేకులో చుట్టి ఇచ్చాడట. వాసన? “వైట్‌బోర్డ్ మీద రాసే మార్కర్ మూత తీస్తే వస్తుందే సార్, అలాంటి వాసన.” దాన్ని ఏమని ఇచ్చాడు? “‘వెట్’ అన్నాడు సార్. ఇందాక అంబులెన్స్ వాళ్లకు అదే చెప్పాను. మెంథాల్ లాంటి ఫ్లేవర్ ఏదో అనుకున్నాం.” నాలుగైదు దమ్ములు లాగాడట. ఐదు నిమిషాల్లోపే మాట్లాడుతున్నవాడు వాక్యం మధ్యలో ఆగిపోయి గోడ వైపు చూస్తూ ఉండిపోయాడట. తర్వాత చొక్కా విప్పబోయాడు, నీళ్లు పోశారు, తలుపు తీసుకుని మెట్లు దిగి పరుగెత్తాడు.

“ఇది ముందే ఎందుకు చెప్పలేదు?” అన్నాను. “మీరు డ్రగ్స్ అని అడిగారు సార్. మాకు తెలిసి అది సిగరెట్టే. తర్వాత అనుమానం వచ్చింది గానీ, వీసా పోతుందేమోనని...” అని తల దించుకున్నాడు. అతను అబద్ధం చెప్పలేదు. నేను అడిగిన ప్రశ్నకు అతని దగ్గర ఉన్న నిజమైన జవాబు ‘లేదు’ అన్నదే.

వీధి మాటల గురించి కొంచెం వివరంగా చెప్పాలి, ఎందుకంటే ఈ సరుకుకు ఉన్న రక్షణ కవచం దాని పేర్లే. అమెరికాలో పీసీపీలో ముంచిన సిగరెట్‌కు, లేదా అలా ముంచిన గంజాయి చుట్టకు, ఊరికో పేరు ఉంది. ఫిలడెల్ఫియాలో ‘వెట్’, కొన్నిచోట్ల ‘వాటర్’, ‘డిప్’, ‘డిప్పర్’. టెక్సాస్‌లో, ముఖ్యంగా హ్యూస్టన్ వైపు ‘ఫ్రై’. కనెటికట్‌లో ‘ఇల్లీ’. వాషింగ్టన్ డీసీలో ‘లవ్ బోట్’, పొట్టిగా ‘బోట్’. లాస్ ఏంజెలెస్‌లో ‘షెర్మ్’. ఈ పేరు నాట్ షెర్మన్ అనే బ్రాండు సిగరెట్ల నుంచి వచ్చింది. వాటి కాగితం ముదురు గోధుమరంగులో ఉండడం వల్ల ముంచిన మరక బయటపడదని చెబుతారు. తడి, నీళ్లు, పడవ, వేపుడు: ఇంట్లో రోజూ వాడుకునే మాటలే అన్నీ. తల్లి వింటే తల్లికి, పోలీసు వింటే పోలీసుకు, డాక్టర్ వింటే డాక్టర్‌కు వేరే ఏదో అర్థమవుతుంది. ఇంగ్లిష్ రెండో భాషగా ఉన్న విద్యార్థికి ఆ పేరు మరీ అమాయకంగా వినిపిస్తుంది. పీసీపీ అని చెప్పి చేతికిస్తే ఈ అబ్బాయి తీసుకునేవాడు కాదని ఇప్పటికీ నమ్ముతాను.

అన్ని పేర్లలోకీ ఎక్కువ హాని చేసిన పేరు ఒకటుంది: ‘ఎంబామింగ్ ఫ్లూయిడ్’. శవాలు పాడవకుండా ఎక్కించే ద్రవం అని దాని నిఘంటువు అర్థం. వీధిలో అది మొదట పీసీపీకి మారుపేరు మాత్రమే. మనిషిని కొయ్యబార్చి శవంలా నిలబెడుతుంది కాబట్టి ఆ పేరు అతికినట్టు సరిపోయింది. కాలక్రమంలో మారుపేరు అన్న సంగతి కొందరు మరిచిపోయారు. మత్తు శవాల ద్రవంలోనే ఉందని నమ్మి అసలు ద్రవంలోనే సిగరెట్లు ముంచుకున్నవాళ్లు తయారయ్యారు, వాళ్లకు అమ్మేవాళ్లూ తయారయ్యారు. పీసీపీని అసలు ద్రవంలోనే కలిపి అమ్మడం కూడా జరిగింది. అందువల్ల ‘వెట్’ తాగిన మనిషి ఒంట్లో పీసీపీ ఒక్కటే ఉండవచ్చు, పీసీపీతో పాటు ఆ శవాల ద్రవంలోని ఫార్మాల్డిహైడ్, మిథనాల్ అనే విషాలు ఉండవచ్చు, లేదా పీసీపీ లేకుండా అవే ఉండవచ్చు. తాగినవాడికి తెలియదు, అమ్మినవాడికీ చాలాసార్లు తెలియదు. పేరు వస్తువును దాచడం ఒక ఎత్తు, పేరే కొత్త వస్తువును పుట్టించడం మరో ఎత్తు. ఇరవై ఏళ్లుగా విషాల కేసులు చూస్తున్నా, ఇంత పని చేసిన మాట ఇంకొకటి నాకు తారసపడలేదు.

పీసీపీ చరిత్ర కొంత తెలిస్తే అతని లక్షణాలు అర్థమవుతాయి. 1956లో పార్క్-డేవిస్ కంపెనీ ప్రయోగశాలలో దీన్ని తయారుచేసి, ‘సెర్నిల్’ పేరుతో శస్త్రచికిత్సలో మత్తుమందుగా పరీక్షించారు. ఊపిరి ఆగదు, రక్తపోటు పడిపోదు, రోగికి కత్తి పెట్టినా తెలియదు. ఆ మేరకు మంచి మందే. కానీ మేలుకున్న తర్వాత రోగులు గంటలతరబడి అయోమయంతో, భయంతో, ఉద్రేకంతో ప్రవర్తించారు. 1965లో మనుషుల మీద దాని వాడకం ఆపేశారు. కొంతకాలం పశువైద్యంలో మిగిలింది. 1978తో అదీ ముగిసింది. దీని వారసుడిగా పుట్టిన కెటమిన్ మాత్రం ఈనాటికీ వైద్యంలో ఉంది. మెదడులో గ్లుటమేట్ అనే రసాయనం పనిచేసే ఎన్ఎండీఏ గ్రాహకాలను పీసీపీ మూసేస్తుంది. కళ్లు తెరిచే ఉంటాయి, కాళ్లు నడుస్తూనే ఉంటాయి, కానీ వాటి నుంచి రావలసిన కబురు మనసుకు చేరదు. గాజుపెంకు దిగిన కాలి మీద నిలబడగలగడానికి కారణం అదే. ఈ మత్తులో చనిపోయేవారిలో చాలామందిని చంపేది నేరుగా మందు కాదు. మేడమీద నుంచి పడటం, నీళ్లలో మునగడం, వాహనాల కింద పడటం.

ఇది పాతకాలపు మత్తు, ఇప్పుడు ఎవరు తాగుతారు అని యువ వైద్యులు అనడం వింటుంటాను. అమెరికా ప్రభుత్వ సర్వే లెక్క ప్రకారం పీసీపీతో ముడిపడి అత్యవసర విభాగాలకు వచ్చిన సందర్భాలు 2005లో 14,825 అయితే 2011లో 75,538.

చికిత్సకు వస్తాను. పీసీపీకి విరుగుడు మందు లేదు. చేయవలసింది మనిషిని నెమ్మదింపజేయడం, చల్లబరచడం, మూత్రపిండాలను కాపాడటం. మొదట గది మార్చాం. మానిటర్ల మోతలు, తెరల అవతలి మాటలు, ట్యూబ్‌లైట్ వెలుతురు అతణ్ణి ఇంకా రెచ్చగొడుతున్నాయి. మూలగదిలో దీపాలు తగ్గించి, ఒకే నర్సును ఉంచి, మిగతావాళ్లందరినీ బయటికి పంపించాను. ఉద్రేకాన్ని తగ్గించి కండరాలను సడలించే లోరాజెపామ్ 2 మిల్లీగ్రాములు నరంలోకి ఇచ్చి, పది నిమిషాలకొకసారి చూసుకుంటూ మొత్తం 6 మిల్లీగ్రాముల దాకా వెళ్లాం. కండరాలు సడలగానే పట్టీలు విప్పించాను. నీటి తుంపరలు చల్లి ఫ్యాన్లు పెట్టడంతో గంటలో ఉష్ణోగ్రత 100.6కు దిగింది.

నాతో ఉన్న రెసిడెంట్ డాక్టర్ కెటమిన్ ఇద్దామా అని అడిగింది. ఉద్రేకంలో ఉన్న రోగులకు ఈ రోజుల్లో అది బాగా వాడుతున్నాం కాబట్టి ప్రశ్న సహజమే. కానీ ఇక్కడ అది అన్న చేసిన పనికి తమ్ముణ్ణి కూడా తోడివ్వడం అవుతుందని వద్దన్నాను. మానసిక ఉద్రేకాన్ని అణచడానికి వాడే హాలోపెరిడాల్ కూడా మొదటి వరుసలో వాడలేదు. ఒళ్లు కాలుతున్నప్పుడు, మూర్ఛ వచ్చే అవకాశం ఉన్నప్పుడు నాకు దాని మీద అంత నమ్మకం ఉండదు. ఈ విషయంలో నాతో విభేదించే సహచరులు ఉన్నారు, వాళ్ల రోగులూ బాగానే కోలుకుంటున్నారు.

రక్తపరీక్షలో సీకే, అంటే దెబ్బతిన్న కండరం నుంచి రక్తంలోకి కారే ఎంజైమ్, 14,200 ఉంది. మామూలుగా అది రెండు వందల లోపు ఉండాలి. మూత్రపిండాల పనితీరును తెలిపే క్రియాటినిన్ 1.5, పొటాషియం 5.1. మూత్రం కోలా రంగులో వచ్చింది. పరీక్షపట్టీ రక్తం ఉన్నట్టు చూపించింది గానీ సూక్ష్మదర్శినిలో ఎర్రకణాలు దాదాపు లేవు. అంటే ఆ రంగు రక్తానిది కాదు, కరుగుతున్న కండరంలోని మయోగ్లోబిన్‌ది. గంటకు 200 నుంచి 300 మిల్లీలీటర్ల మూత్రం వచ్చేలా సెలైన్ ఎక్కించాం. పాత పుస్తకాల్లో మూత్రాన్ని ఆమ్లంగా మారిస్తే పీసీపీ త్వరగా బయటికి పోతుందని ఉంటుంది. రసాయనశాస్త్రం ప్రకారం అది నిజమే. కానీ ఆమ్ల మూత్రంలో మయోగ్లోబిన్ మూత్రపిండాల గొట్టాల్లో పేరుకుని వాటిని మూసేస్తుంది కాబట్టి ఆ పద్ధతిని ఇప్పుడు ఎవరూ వాడరు, వాడకూడదు.

విష నియంత్రణ కేంద్రానికి, 1-800-222-1222కు, ఫోన్ చేశాను. అక్కడి టాక్సికాలజిస్ట్, అంటే విషాల నిపుణురాలు, వేసిన మొదటి ప్రశ్న: మిథనాల్ చూశారా? పీసీపీ అని తేలగానే నా అన్వేషణ ముగిసిందనుకున్నాను. ఆమెకు అది ఇంకా మొదలు. ‘వెట్’ అంటే దేనిలో తడిపిందో తెలియదు కాబట్టి రక్తంలో ఆమ్లశాతం, ఆనయాన్ గ్యాప్, ఆస్మోలాల్ గ్యాప్ లెక్కించాం. మిథనాల్ వంటి విషం రక్తంలో దాగి ఉంటే ఈ లెక్కలు పెరిగి పట్టిస్తాయి. ఆనయాన్ గ్యాప్ 17 ఉంది, కానీ లాక్టేట్ 4.2 ఉండటంతో ఆ పెరుగుదలకు కారణం దొరికింది. అది పెనుగులాట వల్ల వచ్చిన లాక్టేట్. ఆస్మోలాల్ గ్యాప్ మామూలుగానే ఉంది. ఫార్మాల్డిహైడ్ పొగ కోసం చేయించే రోజువారీ పరీక్ష అంటూ ఏదీ లేదు. గొంతు వాపు, ఈల శబ్దం, ఎక్స్‌రేలో ఊపిరితిత్తుల్లో మచ్చల కోసం చూస్తూ ఉండాలి, అంతే. అతనికి అవేవీ రాలేదు. ఈ పొగలో మరో ప్రమాదం కూడా పొంచి ఉంటుంది. దొంగచాటుగా తయారుచేసిన పీసీపీలో సరిగా మారకుండా మిగిలిపోయే పీసీసీ అనే పదార్థం వేడి తగిలితే సయనైడ్‌ను వదులుతుంది. పీసీపీ తాగిన రోగి కడుపునొప్పి, వాంతులతో వస్తే దాన్ని కూడా గుర్తుచేసుకోవాలి.

మూత్రంలో పీసీపీ పరీక్ష పాజిటివ్ వచ్చింది. సరిగ్గా ఆ సమయానికి రూమ్‌మేట్ ఇంకో సంగతి చెప్పాడు: రెండు రోజులుగా అబ్బాయి దగ్గుమందు తాగుతున్నాడు. సీసా ఫొటో తెప్పించి చూస్తే అందులో డెక్స్‌ట్రోమెథార్ఫాన్ ఉంది. అది ఎక్కువ మోతాదులో ఉంటే ఈ తొలి పరీక్షలో పీసీపీలా కనబడి మోసం చేస్తుంది. దిగులుకు వాడే వెన్లాఫాక్సిన్, నొప్పికి వాడే ట్రమడాల్ కూడా అంతే. చికిత్స ఎలాగూ మారదు, కానీ ఒక విద్యార్థి చార్టులో శాశ్వతంగా మిగిలిపోయే మాట విషయంలో తొందర పనికిరాదనిపించింది. పదార్థం ఏదో ఖాయంగా తేల్చే మాస్ స్పెక్ట్రోమెట్రీ పరీక్షకు పంపించాను. అది వచ్చేదాకా చార్టులో ‘అనుమానిత’ అన్న మాట ఉంచాను.

రాత్రి 10 గంటలకల్లా అతను పేరు చెప్పాడు, నీళ్లు అడిగి తాగాడు. నిద్రపోయాడు. వార్డుకు మార్చడానికి కాగితాలు సిద్ధం చేయించాను. 12 గంటల 15 నిమిషాలకు నర్సు గట్టిగా పిలిచింది. వెళ్లేసరికి మంచం మీద నిలబడి, గోడలోంచి ఎవరో పిలుస్తున్నట్టు చెయ్యి చాచి ఉన్నాడు. కళ్లు మళ్లీ నిలువుగా అదురుతున్నాయి. పీసీపీలో ఈ రెండో అల తరచుగా వస్తుంది. మందు కొవ్వులో దాక్కుంటుంది. పైగా క్షారగుణం ఉన్న పదార్థం కాబట్టి రక్తం నుంచి ఆమ్లం నిండిన కడుపులోకి ఊరి, అక్కడి నుంచి పేగుల్లోకి దిగి, మళ్లీ రక్తంలో కలుస్తుంది. రక్తంలో సగానికి తగ్గడానికి సుమారు ఒక రోజు పడుతుంది, కొందరిలో రెండు రోజులు. నెమ్మదించాడు కదా అని ఇంటికి పంపితే ఆ రెండో అల ఏ బాల్కనీలోనో, ఏ కారు స్టీరింగ్ ముందో వస్తుంది. మరో 2 మిల్లీగ్రాముల లోరాజెపామ్‌తో తగ్గింది. ఇంటెన్సివ్ కేర్‌కు మార్చాం.

ఉదయానికి సీకే 31,000 దాటింది. క్రియాటినిన్ 1.9 దాకా వెళ్లి ఆగింది. డయాలసిస్ అవసరం పడలేదు. నాలుగో రోజుకు క్రియాటినిన్ మామూలు స్థాయికి వచ్చింది. ఆ 31,000లో పీసీపీ వాటా ఎంత, నేను కట్టించిన పట్టీల వాటా ఎంత అని విడదీసి చెప్పే పరీక్ష లేదు. రెండూ ఉన్నాయని మాత్రం నాకు తెలుసు.

మూడో రోజు మధ్యాహ్నం అతను నాతో వివరంగా మాట్లాడాడు. నాలుగో దమ్ము తర్వాత ఏమీ గుర్తులేదు. ఒక్కటి మాత్రం చెప్పాడు: “నా కాళ్లు దూరంగా ఎక్కడో నడుస్తున్నట్టు, నేను వాటిని టీవీలో చూస్తున్నట్టు ఉంది సార్.” గోరు ఎలా ఊడిందో అతనికి తెలియదు. బొటనవేలి కట్టు వైపు చూస్తూ, “ఇది నాదేనా అనిపిస్తోంది,” అన్నాడు. తర్వాత అడిగిన ప్రశ్న ఊహించినదే: “ఇంట్లో తెలుస్తుందా సార్? యూనివర్సిటీకి చెబుతారా?” వైద్య సమాచారం గోప్యంగా ఉంటుందనీ, అతని అనుమతి లేకుండా తల్లిదండ్రులకు గానీ యూనివర్సిటీకి గానీ మేము ఫోన్ చేయమనీ చెప్పాను. రూమ్‌మేట్‌కు కూడా ఒక సంగతి చెప్పాను. పెన్సిల్వేనియాలో 2014 నాటి 139వ చట్టం ప్రకారం, మత్తు వికటించిన మనిషి కోసం 911కు ఫోన్ చేసి, తన పేరు చెప్పి, సాయం అందేదాకా పక్కనే ఉన్నవాళ్లకు డ్రగ్స్ దగ్గర ఉంచుకోవడం వంటి కొన్ని అభియోగాల నుంచి రక్షణ ఉంది. వలస చట్టాల సంగతి వేరు, దానికి లాయర్‌ను అడగమన్నాను. కానీ అతను ఫోన్ చేయడానికి తటపటాయించిన ఆ ఇరవై నిమిషాల్లోనే స్నేహితుడు రోడ్డు మధ్యకు చేరాడు.

మానసిక వైద్యురాలు రెండుసార్లు చూసింది. పీసీపీ తర్వాత కొందరిలో భ్రమలు, అనుమానాలు రోజులు, ఒక్కోసారి వారాలు కొనసాగుతాయి. ఇంట్లో మానసిక వ్యాధి చరిత్ర ఉంటే ఇంకా జాగ్రత్తగా చూడాలి. ఇతనికి అలాంటి చరిత్ర లేదు. రెండు వారాల దాకా రాత్రిళ్లు తన పేరు ఎవరో పిలిచినట్టు వినిపించేదని చెప్పాడు, తర్వాత ఆగిపోయింది. మాస్ స్పెక్ట్రోమెట్రీ నివేదిక ఐదో రోజు వచ్చింది. పీసీపీ ఖాయం. చార్టులో ‘అనుమానిత’ అన్న మాట నేనే తీసేశాను.

ఈ కేసు తర్వాత మా విభాగంలో నేను పట్టుబట్టి మార్పించింది ఒక్కటే. అయోమయంలో వచ్చిన రోగి వెంట ఉన్నవాళ్లను ‘డ్రగ్స్ తీసుకున్నాడా’ అని అడిగి వదిలేయకూడదు. చివరగా నోట్లో పెట్టుకున్నది ఏమిటి, పొడిగా ఉందా తడిగా ఉందా, ఏ రంగు, ఏ వాసన, ఎవరిచ్చారు, ఇచ్చినవాడు దాన్ని ఏమని పిలిచాడు అని అడగాలి. వాళ్లు చెప్పిన మాటను అర్థం చేసుకుని రాయకూడదు, విన్నది విన్నట్టుగా కొటేషన్ గుర్తుల్లో రాయాలి. నిజానికి ఆ రోజు అంబులెన్స్ సిబ్బంది సరిగ్గా అలాగే రాశారు. కొటేషన్ గుర్తులు కూడా ఉన్నాయి. చదివింది నేను.

ఆరు వారాల తర్వాత అతను తిరిగి చూపించుకోవడానికి వచ్చాడు. సీకే 148. బొటనవేలి మీద కొత్త గోరు మొదట్లో సన్నగా కనిపిస్తోంది, గాజు దిగిన చోట సన్నని గీత మిగిలింది. నిద్ర బాగానే పడుతోందని చెప్పాడు. పార్ట్‌టైమ్ పని మానేశాడు. ఇబ్బందులేమైనా మిగిలాయా అని అడిగితే ఒక్కటే అన్నాడు. క్లాసులో ప్రొఫెసర్ వైట్‌బోర్డ్ మార్కర్ మూత తీసినప్పుడల్లా కడుపులో తిప్పుతోందట. అందుకని ముందు వరుస వదిలేసి తలుపు పక్కన కూర్చుంటున్నాడు.